ఓడిపోయే వీరుడు బందో త్సుమసబురో: మూకీల నుంచి టాకీల దాకా

మూకీప్రియ

జపాన్ పాత సినిమా అనగానే మన చర్చలన్నీ కురొసావా, ఓజు, మిజొగుచి చుట్టూ తిరుగుతాయి. ముగ్గురూ దర్శకులే. 1920లలో టికెట్టు కొని హాలుకు వెళ్లిన జపాన్ ప్రేక్షకుడు మాత్రం ఎక్కువగా నటుణ్ణి చూడటానికే వెళ్లాడు. ఆనాటి నటుల్లో నా మనసును పట్టేసినవాడు బందో త్సుమసబురో. అభిమానులు ప్రేమగా ‘బాన్‌త్సుమ’ అని పిలుచుకునేవారు. ఆయన గురించి తెలుగులో ఒక్కచోటైనా వివరంగా మాట్లాడుకోవాలని ఈ చర్చ మొదలుపెడుతున్నాను.

అసలు పేరు తమురా దెన్‌కిచి. 1901 డిసెంబరులో టోక్యోలోని కాందా ప్రాంతంలో పుట్టాడు. కుర్రతనంలో కబుకి నాటకరంగంలో పదకొండవ కతవోకా నిజయెమోన్ దగ్గర శిష్యుడిగా చేరాడు. కబుకిలో పెద్ద వేషాలు వంశాన్ని బట్టి వస్తాయి. ఆ వంశాల్లో పుట్టని కుర్రవాడు ఎంత కష్టపడినా వెనక వరసలోనే నిలబడాలి. అలాంటివాళ్లకు సినిమా కొత్త దారి చూపింది. బాన్‌త్సుమ క్యోటో వెళ్లి, జపాన్ సినిమాకు తండ్రి అని పేరున్న మకినో షోజో స్టూడియోలో చేరాడు.

1923 సెప్టెంబరు 1న వచ్చిన భూకంపానికి టోక్యో స్టూడియోలు కూలిపోయాయి. చిత్ర నిర్మాణం చాలా భాగం క్యోటోకు తరలింది. సరిగ్గా ఆ రోజుల్లోనే మకినో దగ్గర సుసుకిత రొకుహెయి అనే యువ రచయిత కొత్త రకం కథలు రాస్తున్నాడు. అతని కథానాయకుడు మహావీరుడు కాడు. కింది తరగతి సమురాయి. కోపం ఎక్కువ, అదృష్టం తక్కువ. మంచి చేయబోతే నింద మీద పడుతుంది. చివరికి ఓడిపోతాడు. ఆ పాత్రలకు బాన్‌త్సుమ శరీరం దొరికింది. 1925లో, ఇంకా 24 ఏళ్లు నిండకుండానే, సొంత నిర్మాణ సంస్థ పెట్టాడు. అదే ఏడాది నవంబరులో ‘ఒరోచి’ విడుదలైంది.

ఈ ఒక్క చిత్రం చూసినవాళ్లు కూడా రాయండి. చూడనివాళ్లు అడగండి.

ప్రొజెక్టర్‌గది

మంచి చర్చ. ‘ఒరోచి’ గురించి నేను రాస్తాను, ఎందుకంటే దాన్ని కేవలం కత్తియుద్ధాల సినిమాగా చెప్పేవాళ్లను చూస్తే నాకు బాధ కలుగుతుంది.

దర్శకుడు ఫుతగవా బున్‌తారో. రచన సుసుకిత రొకుహెయి. బాన్‌త్సుమ పాత్ర పేరు కురితొమి హెయిజబురో. ఒక పండితుడి దగ్గర చదువుకునే పేద సమురాయి. గురువు కూతురు నమియె అంటే ప్రాణం. గురువు పుట్టినరోజు విందులో పై ఉద్యోగి కొడుకు ఒకడు అతణ్ణి అవమానిస్తాడు. గొడవ అవుతుంది. అవమానించినవాడు పెద్దింటి బిడ్డ కాబట్టి తప్పు హెయిజబురోదే అవుతుంది. అక్కడి నుంచి జీవితం ఒక్కో మెట్టూ కిందికి దిగుతుంది. గురువు వెళ్లగొడతాడు, ఊరు వెలివేస్తుంది, జైలు, ఆకలి, మళ్లీ జైలు. లోకం దృష్టిలో పెద్దమనిషిగా చెలామణి అవుతున్న ఒక ముఠా నాయకుడి నీడన చేరతాడు. ఆ ఇంట్లోనే, ఇప్పుడు పెళ్లయి భర్తతో ప్రయాణిస్తున్న నమియె, ఆ దుర్మార్గుడి చేతిలో చిక్కుతుంది. ఆమెను కాపాడటానికి హెయిజబురో ఆశ్రయం ఇచ్చినవాణ్ణే చంపుతాడు. అప్పుడు మొదలవుతుంది ఆ పోరాటం.

భటులు వందలాదిగా ముంచుకొస్తారు. తాళ్లు విసురుతారు. అతను నరుకుతూ పరుగెత్తుతాడు, ఆగి రొప్పుతాడు, మళ్లీ నరుకుతాడు. అక్కడ గెలుపు ఆశ ఏమీ లేదని అతనికీ తెలుసు, మనకూ తెలుసు. ముడి వీడిన జుట్టు, తెల్లటి రంగు పూసిన ముఖం, నోరు తెరిచి ఊపిరి పీల్చడం, ఇవన్నీ ఆ నటుడు ఎంత లెక్కగా చేశాడో రెండోసారి చూస్తే తెలుస్తుంది. అలసట ఒక్కో దెబ్బకూ పెరుగుతుంది. చేయి ఎత్తే ఎత్తు తగ్గుతుంది. అడుగు తడబడుతుంది. కత్తి బరువెక్కుతున్నట్టు మనకు అనిపిస్తుంది. అంత సేపు సాగే పోరాటంలో ఒక మనిషి శక్తి అయిపోవడాన్ని ఇంత నిజాయితీగా చూపించిన నటుణ్ణి తర్వాతి కాలంలో కూడా నేను ఎక్కువమందిని చూడలేదు.

చివరికి కట్టి తీసుకెళుతుంటే జనం దుర్మార్గుడని తిడతారు. నిజం తెలిసి ఏడ్చేది నమియె, ఆమె భర్త మాత్రమే.

హరిత_వి

నేను మూకీలు చాలా తక్కువ చూశాను, అందుకే అడుగుతున్నాను. ఇంత మలుపుల కథ మాటల్లేకుండా ప్రేక్షకులకు ఎలా అర్థమయ్యేది? తెర మీద వచ్చే రాత పలకలతోనేనా? ఇంకొకటి, పేరు మార్చి విడుదల చేశారని ఎక్కడో చదివాను. కారణం ఏమిటి?

ఒసాకా_తెలుగు

హరిత గారూ, జపాన్ మూకీ హాలు నిశ్శబ్దంగా ఉండేది కాదు. తెర పక్కన బల్ల దగ్గర బెన్షి నిలబడేవాడు. కథ చెప్పేవాడు, పాత్రలన్నిటికీ తన గొంతే ఇచ్చేవాడు, మధ్యలో వ్యాఖ్యానం చేసేవాడు. కింద వాద్యబృందం ఉండేది. కత్తియుద్ధం వస్తే షామిసెన్ అనే తంత్రీవాద్యం వేగం పెరిగేది. దేశం మొత్తం మీద వేలమంది బెన్షిలు ఉండేవారు. పేరున్న బెన్షిని బట్టి జనం హాలును ఎంచుకునేవారు. వాళ్ల జీతాలు కొందరు నటుల జీతాల కంటే తక్కువేమీ కాదు.

మన దగ్గర కూడా మూకీల రోజుల్లో తెర పక్కన నిలబడి కథ చెప్పేవాళ్లు ఉండేవారని పెద్దలు చెప్పగా విన్నాం. జపాన్‌లో అది పూర్తి స్థాయి కళగా, వృత్తిగా పెరిగింది. ఇప్పటికీ కొద్దిమంది చేస్తున్నారు. మత్సుదా షున్‌సుయి అనే బెన్షి యుద్ధం తర్వాత మూకీ రీళ్లను వెతికి సేకరించాడు. ఈ రోజు మనం ‘ఒరోచి’ చూడగలుగుతున్నామంటే అందులో ఆయన శ్రమ చాలా ఉంది. ఆయన శిష్యురాలు సవాతో మిదోరి దశాబ్దాలుగా ప్రదర్శనలు ఇస్తున్నారు. బెన్షితో చూసినప్పుడు హెయిజబురో ఆక్రోశం రెట్టింపై తగులుతుంది. వీలున్నవాళ్లు బెన్షి గొంతు ఉన్న ప్రతినే వెతుక్కోండి.

పేరు సంగతి: మొదట పెట్టాలనుకున్నది ‘దుండగుడు’ అనే అర్థం వచ్చే పేరు. సెన్సారు ఒప్పుకోలేదు. కొన్ని దృశ్యాలు కూడా కోయించింది. 1925 జూలై నుంచే దేశం మొత్తానికీ ఒకే సినిమా సెన్సారు హోం మంత్రిత్వ శాఖ చేతిలోకి వెళ్లింది. అంతకుముందు ఏ ప్రాంతం పోలీసులు ఆ ప్రాంతంలో చూసుకునేవారు. కొత్త నిబంధన వచ్చిన కొద్ది నెలలకే ఈ చిత్రం వాళ్ల బల్ల మీదికి చేరింది. పెద్దమనుషులుగా గౌరవం పొందేవాళ్లందరూ మంచివాళ్లు కారని తొలి పలకలోనే చెప్పే సినిమా అది. అధికారులకు నచ్చకపోవడంలో వింత లేదు.

కృష్ణాతీరం

బాన్‌త్సుమను పొగిడే ప్రతిచోటా ఒనొయే మత్సునొసుకెను ఒక్క వాక్యంలో పక్కకు తోసేస్తారు. ఇక్కడ అసలు ప్రస్తావనే రాలేదు. నాకు ఇది అన్యాయంగా అనిపిస్తోంది.

మత్సునొసుకె 1875లో పుట్టాడు. ఊరూరా తిరిగే నాటక బృందంలో ఉన్నవాణ్ణి ఇదే మకినో షోజో చూసి సినిమాకు తెచ్చాడు. 1909 నుంచి 1926లో చనిపోయే వరకు ఆపకుండా నటించాడు. వెయ్యి చిత్రాలని చెబుతారు. అప్పటి చిత్రాలు చిన్నవి, రోజుల వ్యవధిలో తీసేవారు. పెద్ద కళ్లు తిప్పి చూసే చూపు వల్ల ‘కనుగుడ్ల మాత్సు’ అని పిల్లలు పిలిచేవారు. జపాన్ సినిమాకు మొట్టమొదటి తార ఆయనే. జపాన్ పిల్లలు ఒక తరం మొత్తం ఆయన్ని చూసే కట్టెపుల్లలతో కత్తియుద్ధం ఆడుకున్నారు. 1921 నాటి ‘జిరాయియా’ ఇప్పటికీ దొరుకుతుంది. మనిషి కప్పగా మారడం, మాయమవడం లాంటి కెమెరా చమత్కారాలు చూడండి. మన జానపద చిత్రాలంటే ఇష్టపడేవాళ్లకు తప్పక నచ్చుతుంది.

ఇంకొక మాట. క్యోటోలో పేదల ఇళ్ల కోసం ఆయన తన డబ్బు ఇచ్చాడు. కామొ నది ఒడ్డున పార్కులో ఆయన ప్రతిమ ఉన్నది నటనకు మాత్రమే కాదు, ఆ దాతృత్వానికి కూడా.

మూకీప్రియ

కృష్ణాతీరం గారూ, మత్సునొసుకె గురించి రాసినందుకు కృతజ్ఞతలు. ఆయన లేకపోతే బాన్‌త్సుమకు ప్రేక్షకులే లేరు. అయితే తేడా ఎక్కడ ఉందో చెప్పకుండా ఉండలేను. మత్సునొసుకె కత్తియుద్ధం కబుకి వేదిక నుంచి వచ్చింది. కెమెరా ఒకచోట నిలబడి ఉంటుంది, ఆయన భంగిమ నుంచి భంగిమకు కదులుతాడు, ప్రత్యర్థులు వరుసగా పల్టీలు కొడతారు. స్త్రీ పాత్రలు కూడా మగవాళ్లే వేసేవారు. 1920ల మొదట్లో ఆ పద్ధతి మారుతూ వచ్చింది. మరోవైపు 1917లో మొదలైన షిన్‌కొకుగెకి నాటక బృందం వేదిక మీద వేగమైన, నిజంగా కొట్టుకుంటున్నట్టుండే కత్తియుద్ధం తెచ్చింది. బాన్‌త్సుమ తరం ఆ గాలి పీల్చి పెరిగింది. కెమెరా కూడా వాళ్లతో పాటు పరుగెత్తడం మొదలుపెట్టింది.

మత్సునొసుకె పాత్ర ఎప్పుడూ గెలుస్తుంది. బాన్‌త్సుమ పాత్ర గెలవదు. పదిహేనేళ్లలో ప్రేక్షకుడు అంత మారిపోయాడు. భూకంపం తర్వాత, పనులు లేక, ధరలు పెరిగి, పై అధికారుల మీద నమ్మకం పోయిన పట్టణాల కుర్రవాళ్లు ఆ హాళ్లలో కూర్చున్నారు. హెయిజబురోకు జరిగిన అన్యాయం వాళ్లకు చెప్పకుండానే అర్థమైంది.

రీలు_డబ్బా

నాకు ఆయన నటన కంటే ఆయన పెట్టిన సంస్థ కథ ఎక్కువ ఆసక్తి. దాని గురించి ఎవరూ సరిగ్గా రాయరు.

జపాన్‌లో ఒక తార తన పేరుతో నిర్మాణ సంస్థ పెట్టి నిలబడిన తొలి పెద్ద ఉదాహరణ బాన్‌త్సుమదే. 1926లో క్యోటో పశ్చిమాన ఉజుమసాలో స్టూడియో కట్టించాడు. అప్పుడు అక్కడ పొలాలు, వెదురు తోపులు తప్ప సినిమా వాసనే లేదు. తర్వాత ఆ ప్రాంతమే జపాన్ చారిత్రక చిత్రాలకు కేంద్రమైంది. ఆయన కట్టిన ఆ స్టూడియోయే చేతులు మారి మారి ఈనాటి తోయె సంస్థ క్యోటో స్టూడియో అయింది. పర్యాటకులు వెళ్లి సమురాయి వేషాలు వేసుకుని ఫొటోలు దిగే ఉజుమసా సినిమా గ్రామం దాని పక్కనే 1975లో తెరిచారు.

1926లోనే అమెరికాకు చెందిన యూనివర్సల్ సంస్థతో కలిసి చిత్రాలు తీసే ఒప్పందం చేసుకున్నాడు. ఏడాది తిరిగేసరికి అది చెదిరిపోయింది. ఆయన దారి చూసి ఇచికావా ఉతయెమోన్, కతవోకా చియెజో, అరాషి కాన్‌జురో లాంటి తారలందరూ సొంత సంస్థలు పెట్టారు. కొందరు నిలబడ్డారు, కొందరు అప్పుల్లో మునిగారు. హాళ్లు పెద్ద సంస్థల చేతిలో ఉన్నాయి. చిత్రం తీయగానే సరిపోదు, ప్రదర్శించేవాడు కావాలి. బాన్‌త్సుమ కూడా పంపిణీకి మొదట షోచికు అనే పెద్ద సంస్థ మీద ఆధారపడ్డాడు, తర్వాత విడిపోయి 1931లో టోక్యో పక్కన చిబా జిల్లా యత్సులో కొత్త స్టూడియోకు మారాడు. 1936లో సంస్థ మూతపడింది.

కాబట్టి టాకీలు వచ్చాక, 1930లలో ఆయన వెనకబడటానికి ‘గొంతు బాగాలేదు’ అనే ఒక్క కారణం చెప్పడం నాకు నచ్చదు. సొంత సంస్థ నడిపే నటుడికి శబ్దయంత్రాల ఖర్చు ఎంత భారమో ఆలోచించండి.

ప్రొజెక్టర్‌గది

రీలు_డబ్బా గారూ, ఖర్చు నిజమే. గొంతు కూడా నిజమే. ఆయన గొంతు సన్నగా, హెచ్చు స్థాయిలో ఉండేది. పదేళ్ల పాటు బెన్షిల గంభీరమైన గొంతులో ఆ ముఖాన్ని విన్న ప్రేక్షకుడు అసలు గొంతు విని తెల్లబోయాడు. తొలి టాకీ 1935లో ఇతో దైసుకె దర్శకత్వంలో వచ్చింది. అప్పటికి తోటి తారలు టాకీల్లో స్థిరపడుతున్నారు.

జపాన్‌లో మార్పు చాలా నెమ్మదిగా జరిగిందని కూడా గుర్తుంచుకోవాలి. గొషో హెయినొసుకె తీసిన తొలి పూర్తి టాకీ 1931 ఆగస్టులో వచ్చింది. మన ‘భక్త ప్రహ్లాద’ 1932 ఫిబ్రవరిలో వచ్చింది కదా. అంటే మొదలు దాదాపు ఒకే సమయంలో. కానీ జపాన్‌లో మూకీలు అక్కడితో ఆగలేదు. ఓజు 1935లో కూడా సంభాషణలు లేని చిత్రం తీశాడు. బెన్షిలు సమ్మెలు చేశారు. వాళ్లకు వేరే బతుకు లేదు. అకిరా కురొసావా అన్న హెయ్‌గో కూడా బెన్షియే. తమ్ముడికి మంచి విదేశీ చిత్రాలు పరిచయం చేసింది ఆయనే. ఆ వృత్తి కూలిపోతున్న రోజుల్లోనే, 1933లో చనిపోయాడు.

హరిత_వి

బెన్షి గొంతు విని అలవాటుపడిన జనానికి నటుడి సొంత గొంతు పరాయిదిగా వినిపించిందన్న మాట. ఆ కోణం నాకు ఇప్పటిదాకా తట్టలేదు. తర్వాత ఏమయ్యాడు? అక్కడితో ముగిసిందా?

మూకీప్రియ

ముగియలేదు హరిత గారూ. నేను ఈ చర్చ మొదలుపెట్టిందే ఆ తర్వాతి భాగం కోసం.

1937లో నిక్కత్సు అనే చిత్ర సంస్థలో చేరాడు. గొంతును సాధనతో దారికి తెచ్చుకున్నాడు. మెల్లగా మళ్లీ నిలదొక్కుకున్నాడు. 1942లో యుద్ధ ప్రభుత్వం సంస్థలను కలిపేసినప్పుడు ఏర్పడిన దాయె సంస్థకు మారాడు. 1943లో ‘ముహోమాత్సు’ వచ్చింది. దర్శకుడు ఇనగాకి హిరోషి. రచన ఇతామి మన్సాకు, మంచాన పడి ఉన్న రోజుల్లో రాశాడు. ఛాయాగ్రహణం మియగవా కజువో, తర్వాత కురొసావా ‘రాషొమోన్’కు కెమెరా పట్టింది ఆయనే.

బాన్‌త్సుమ ఇందులో కత్తి పట్టడు. కొకురా పట్టణంలో చేతిరిక్షా లాగే మాత్సుగొరో అనే మొరటు మనిషి. చదువు రాదు. గొడవలు పడతాడు. చనిపోయిన సైనికాధికారి భార్యకు, ఆమె పిల్లవాడికి అండగా నిలుస్తాడు. ఆమె మీద ప్రేమ పెరుగుతుంది, ఏళ్ల తరబడి నోరు విప్పడు. పండుగలో డోలు వాయించే దృశ్యం చూడండి. ‘ఒరోచి’ చివరి పోరాటంలో ఉన్న ఊపే ఆ రెండు చేతుల్లో ఉంది. మూకీలో నేర్చిన శరీరభాష టాకీలో ఇంత బాగా పనికొచ్చిన ఉదాహరణ నాకు మరొకటి తెలియదు. సన్నని గొంతు కూడా ఇక్కడ లోపం అనిపించదు. మొరటు మనిషి లోపలి పసితనం ఆ గొంతులోనే వినిపిస్తుంది.

కృష్ణాతీరం

ఆ చిత్రానికి జరిగినది చెప్పకుండా వదలకండి. మాత్సుగొరో చివరికి ఆమె ముందు తన మనసు బయటపెట్టే దృశ్యాన్ని హోం శాఖ సెన్సారు కోసేసింది. యుద్ధం జరుగుతుంటే రిక్షా లాగేవాడు సైనికాధికారి భార్యను ప్రేమించడమా అని. సినిమా మొత్తం ఏ మాట కోసం ఎదురుచూస్తుందో ఆ మాటనే తీసేశారు. యుద్ధం ఓడిపోయాక అమెరికా ఆక్రమణ అధికారులు వచ్చి, రష్యాతో యుద్ధం గెలిచినప్పటి దీపాల ఊరేగింపు లాంటివి తీసేశారు. 99 నిమిషాల చిత్రంలో మిగిలింది దాదాపు 80 నిమిషాలు.

ఒకే చిత్రాన్ని రెండు శత్రు ప్రభుత్వాలు రెండు వైపుల నుంచి కోశాయి. చదివిన ప్రతిసారీ నాకు కోపం వస్తుంది.

ఒసాకా_తెలుగు

ఇనగాకి కూడా దాన్ని మరచిపోలేదు. 1958లో మిఫునె తొషిరోతో మళ్లీ మొత్తం తీసి, వెనిస్ ఉత్సవంలో బంగారు సింహం గెలిచాడు. పాత చిత్రాన్ని కూడా ఈమధ్య 4కె నాణ్యతలో పునరుద్ధరించారు. మిఫునె గొప్ప నటుడే. అయినా రెండూ పక్కపక్కన చూసినప్పుడు నేను బాన్‌త్సుమ వైపే ఉంటాను. మిఫునె మాత్సుగొరో బలవంతుడని మొదటి చూపులోనే నమ్ముతాం. బాన్‌త్సుమ మాత్సుగొరో ఒంటరివాడని నమ్ముతాం.

ఆక్రమణ కాలంలో కత్తియుద్ధాల చిత్రాల మీద కూడా ఆంక్షలు పెట్టారు. కత్తితో పేరు తెచ్చుకున్న నటుడు అప్పుడేం చేశాడనుకుంటున్నారు? 1948లో ఇతో దైసుకె ‘ఓషో’లో షోగి (జపాన్ చదరంగం) ఆటగాడు సకాతా సాంకిచిగా నటించాడు. ఒసాకా వాళ్లు ఆ పాత్రను ఇప్పటికీ సొంత మనిషిలా చెప్పుకుంటారు. 1949లో కినొషితా కెయిసుకె హాస్య చిత్రంలో ఇంటిల్లిపాదినీ హడలగొట్టే తండ్రిగా వేశాడు. 1953 జూలై 7న మెదడులో రక్తస్రావంతో క్యోటోలో చనిపోయాడు. వయసు 51.

హరిత_వి

ఆయన పిల్లలు కూడా నటులేనా? తమురా అనే ఇంటిపేరుతో ఒకాయనను జపాన్ టీవీ ధారావాహికలో చూసినట్టు గుర్తు.

ఒసాకా_తెలుగు

అవును, మీరు చూసింది తమురా మసకజు అయి ఉంటుంది. డిటెక్టివ్ పాత్రతో ఇక్కడ జపాన్‌లో ఇంటింటా తెలిసినవాడు. పెద్ద కొడుకు తకహిరో, చిన్నవాడు ర్యో కూడా నటులే. తకహిరో 1978లో ఒషిమా నగిసా చిత్రంలో రిక్షా లాగే భర్త పాత్ర వేశాడు. తండ్రి మాత్సుగొరోను చూసినవాళ్లకు ఆ ఎంపిక వెంటనే తడుతుంది.

రీలు_డబ్బా

1928లో ఎదమసా యొషిరో తీసిన ‘సకమోతో ర్యోమా’ గురించి ఎవరైనా రాస్తారా? చరిత్రలో పేరున్న సమురాయి ర్యోమాగా బాన్‌త్సుమ ఎలా ఉన్నాడో చూడాలని ఉంది. పూర్తి చిత్రం దొరుకుతుందా?

ప్రొజెక్టర్‌గది

పూర్తిగా లేదు, కొంత భాగం మాత్రమే మిగిలింది. జపాన్ మూకీల్లో ఎక్కువ భాగం గతి ఇంతే. నైట్రేట్ ఫిల్మ్ మంటలకు, భూకంపానికి, 1945 బాంబులకు పోయింది. మిగిలినవాటిని సంస్థలు పాత సరుకని పారేశాయి. హాళ్లలో తిరిగి అరిగిన ప్రతులను ముక్కలు చేసి, పిల్లలు ఇంట్లో తిప్పుకునే బొమ్మ ప్రొజెక్టర్ల కోసం అమ్మేవారు. ఆ ముక్కలు ఎక్కువగా కత్తియుద్ధాలే, పిల్లలకు కావలసింది అవే కాబట్టి. కొన్ని చిత్రాల్లో ఇప్పుడు దొరికేది ఆ నిమిషమో, అర నిమిషమో మాత్రమే. క్యోటోలో బొమ్మ సినిమాల మ్యూజియం ఒకటి ఇలాంటి ముక్కలను సేకరించి భద్రపరుస్తోంది.

‘ర్యోమా’ మిగిలిన భాగంలో కూడా బాన్‌త్సుమ నిలబడే తీరు, నడక చూడదగ్గవి. ‘ఒరోచి’ చూశాక చూడండి, మూడేళ్లలో ఆయన ఎంత నెమ్మదించాడో తెలుస్తుంది. చూసేటప్పుడు వేగం మీద ఒక కన్నేసి ఉంచండి. మూకీలను సెకనుకు 24 చట్రాల వేగంతో తిప్పితే అందరూ పరుగెడుతున్నట్టు కనిపిస్తారు. సరైన వేగంతో ఉన్న ప్రతిలోనే ఆయన అలసట కనిపిస్తుంది.

రీలు_డబ్బా

కృతజ్ఞతలు. ఈ వారాంతం ముందు ‘ఒరోచి’, తర్వాత ‘ర్యోమా’ చూస్తాను. గొంతు విషయంలో మాత్రం నా మాట మీదే ఉన్నాను. యత్సుకు మారడం, సొంత పంపిణీ లేకపోవడం గురించి దొరికినంత చదివి, విడిగా ఒక చర్చ పెడతాను. మత్సునొసుకె గురించి కృష్ణాతీరం గారు ఒకటి మొదలుపెట్టాలని నా విన్నపం.

కృష్ణాతీరం

తప్పకుండా. ‘జిరాయియా’తో మొదలుపెడతాను.